లేదన్న ఫైలు ఎవరిది?

పాత పుస్తకాలను పునర్ముద్రణకు సిద్ధం చేసేవాళ్లకు కొత్త కంప్యూటర్ వస్తే సంతోషం కన్నా కంగారే ఎక్కువ. పేజీలన్నీ ఎప్పటిదో ఒక పేజీ మేకప్ సాఫ్ట్‌వేర్‌లో ఉంటాయి. కొత్త సాఫ్ట్‌వేర్ వాటిని తెరవదు, తెరిచినా పంక్తులు జారిపోయి పేజీ సంఖ్యలు మారిపోతాయి. నాలుగు అచ్చుతప్పులు దిద్దడానికి పుస్తకమంతా మళ్లీ కూర్చుకోలేం కదా. అందుకని పాత సాఫ్ట్‌వేర్‌నే, దాని అసలు డిస్కుతో, లైసెన్సు సంఖ్యతో, 64 బిట్ల కొత్త విండోస్ మీద ఎక్కించాం. దాని పేరు ఇక్కడ అనవసరం. ఇలాంటి తంటా ఆ తరం సాఫ్ట్‌వేర్లు చాలావాటితో వస్తుంది.

ఇన్‌స్టలేషన్ చివరిదాకా సాఫీగా సాగింది. ఐకాన్ మీద నొక్కగానే చిన్న పెట్టె ఒకటి తెర మీదికి వచ్చింది: ఎంఎస్‌వీసీఆర్‌100.డీఎల్ఎల్ మీ కంప్యూటర్‌లో లేదు, ప్రోగ్రామ్ మొదలు కాదు, మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి. మళ్లీ ఇన్‌స్టాల్ చేశాం. అదే పెట్టె, అదే మాట.

నేను వేరే పనిలో ఉండగా మా సహోద్యోగి ఒకతను దాని సంగతి చూస్తానన్నాడు. చురుకైన కుర్రవాడు. కాసేపటికే వచ్చి, "అక్కా, ఆ ఫైలు దొరికింది, పెట్టేశాను. ఇప్పుడు తెరిచి చూడండి" అన్నాడు. తెరిచి చూస్తే పాత పెట్టె పోలేదు. "అయితే ఇంకో ఫోల్డర్‌లో కూడా పెడతాను" అని పెట్టాడు. ఈసారి పెట్టె మారింది, 0ఎక్స్‌సీ000007బీ అనే అంకెల గొలుసు వచ్చింది. ముందున్న మాటకు కనీసం అర్థం ఉంది, దీనికి అదీ లేదు.

అక్కడినుంచి పని నేను తీసుకున్నాను. "ఈ ఫైలు ఎక్కడిది?" అని మొదట అడిగాను. ఏ డీఎల్ఎల్ కావాలన్నా ఉచితంగా ఇస్తామనే చోటి నుంచి తెచ్చానన్నాడు. అలాంటి చోట్ల దొరికే ఫైలును ఎవరు తయారుచేశారో, మధ్యలో ఎవరు మార్చారో తెలియదు. పైగా డీఎల్ఎల్ అంటే చదువుకునే పత్రం కాదు, ప్రోగ్రాములు అవసరమైనప్పుడు పిలిచి వాడుకునే, నడిచే కోడ్. దాన్ని పిలిచిన ప్రోగ్రామ్‌కు ఏయే అధికారాలు ఉంటే దానికీ అవే అధికారాలు వస్తాయి. వైరస్ భయాన్ని పక్కన పెట్టినా, అది సరైన ఫైలేనా అన్న ప్రశ్న మిగులుతుంది. ఇక్కడ కాదని తేలింది.

అది తేల్చిన పద్ధతి చెబుతాను, ఎవరికైనా పనికొస్తుంది. ఆ ఫైలుకు ఒక నకలు తీసి, నకలును నోట్‌ప్యాడ్‌లో తెరిచాను. తొంభై పాళ్లు పిచ్చి గుర్తులే కనిపిస్తాయి. కానీ మొట్టమొదట ఎం, జడ్ అనే రెండు ఇంగ్లిష్ అక్షరాలు ఉంటాయి. విండోస్‌కు ముందున్న డాస్ కాలంలో ఈ ఫైలు పద్ధతిని రూపొందించిన ఇంజినీర్లలో ఒకరైన మార్క్ జిబికోవ్‌స్కీ పొడి అక్షరాలవి. ఇన్నేళ్లయినా ప్రతి విండోస్ ప్రోగ్రామ్ తలమీదా ఆయన సంతకం అలాగే ఉంది. కొంచెం కిందికి వస్తే, ఈ ప్రోగ్రామ్ డాస్‌లో నడవదు అనే అర్థం వచ్చే ఇంగ్లిష్ వాక్యం కనిపిస్తుంది. దాని తర్వాత పీ, ఈ అనే అక్షరాల కోసం వెతకాలి. వాటి పక్కన కాస్త ఖాళీ వదిలి పెద్ద ఎల్ ఉంటే ఆ ఫైలు 32 బిట్లది, అంటే పాత తరం ప్రాసెసర్ల కోసం రాసినది. చిన్న డీ, దాని వెంట ఏదో వింత గుర్తు ఉంటే 64 బిట్లది, అంటే కొత్త తరానిది. మావాడు తెచ్చినదాంట్లో డీ ఉంది. మా సాఫ్ట్‌వేర్ ఏమో 32 బిట్లది. 32 బిట్ల ప్రోగ్రామ్ 64 బిట్ల డీఎల్ఎల్‌ను వాడుకోలేదు. ఆ అంకెల గొలుసు చెప్పేది ఇదే: ఫైలు దొరికింది, కానీ దాని రూపం నాకు పనికిరాదు.

మరి మొదటిసారి పెట్టినప్పుడు ఫైలే లేదని ఎందుకు అంది? ఇక్కడ విండోస్‌లో ఒక తిరకాసు ఉంది. 64 బిట్ల విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ల ఫైళ్లు. 32 బిట్ల ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో. పేర్లు తారుమారుగా ఉన్నాయని అనిపిస్తుంది, ఉన్నాయి కూడా. సిస్టమ్32 అన్న పేరును లెక్కలేనన్ని ప్రోగ్రాములు తమ లోపల రాసిపెట్టుకున్నాయి కాబట్టి 64 బిట్లకు మారినా ఆ పేరు మార్చలేదు. 32 బిట్ల ప్రోగ్రామ్ సిస్టమ్32లోకి చూడబోతే విండోస్ దాన్ని చడీచప్పుడు లేకుండా సిస్‌వావ్64కు మళ్లిస్తుంది. కాబట్టి మావాడు సిస్టమ్32లో పెట్టిన ఫైలు మా సాఫ్ట్‌వేర్ కంట పడనే లేదు. సిస్‌వావ్64లో పెట్టాక కంటపడింది, అప్పుడు బిట్ల తేడా బయటపడింది.

మధ్యలో రెగ్‌ఎస్‌వీఆర్32 ఆదేశం కూడా ప్రయోగించాడట. డీఎల్ఎల్ అనగానే దాన్ని రిజిస్టర్ చేయమని సలహా ఇచ్చేవాళ్లు ప్రతిచోటా ఉంటారు. రిజిస్టర్ కావడానికి ప్రత్యేకమైన ప్రవేశస్థానం ఒకటి ఫైలు లోపల ఉండాలి. అది కామ్ పద్ధతిలో, అంటే ఒక ప్రోగ్రామ్ భాగాలను ఇంకొకటి వాడుకునేందుకు మైక్రోసాఫ్ట్ పెట్టిన పద్ధతిలో, తయారైన డీఎల్ఎల్‌లకే ఉంటుంది. ఈ ఫైలుకు లేదు, కాబట్టి ప్రవేశస్థానం కనిపించలేదనే జవాబు వచ్చింది. ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ అనే మరో సర్వరోగ నివారిణి ఉంది. అది విండోస్ సొంత ఫైళ్లు చెడిపోతే బాగుచేస్తుంది, ఆ పనికి మంచిదే. ఎంఎస్‌వీసీఆర్‌100 మాత్రం విండోస్ సొంత ఫైలు కాదు.

మరి ఎవరిది? నా దృష్టిలో ఈ తతంగమంతటిలో అడగవలసిన ప్రశ్న ఇదొక్కటే. పేరులోనే జవాబు ఉంది. ఎంఎస్‌వీసీ అంటే మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్‌ప్లస్, ఆర్ అంటే రన్‌టైమ్, 100 అంటే పదో వెర్షన్, అంటే 2010 నాటిది. ఆ పరికరంతో ప్రోగ్రామ్ రాసినవాళ్లు అక్షరాలను పోల్చడం, ఫైలు తెరవడం, లెక్కలు కట్టడం లాంటి మామూలు పనుల కోడ్‌ను మళ్లీ రాసుకోరు. అది ఈ డీఎల్ఎల్‌లో సిద్ధంగా ఉంటుంది, అందరూ దాన్నే పిలుచుకుంటారు. ఎంఎస్‌వీసీఆర్‌110 ఐతే 2012ది, 120 ఐతే 2013ది. వీసీరన్‌టైమ్140, ఎంఎస్‌వీసీపీ140 ఐతే 2015 నుంచి 2022 వరకు వచ్చిన వెర్షన్లన్నిటికీ కలిపి ఒకే ప్యాకేజీలో వస్తాయి. ఈ ప్యాకేజీలకు రీడిస్ట్రిబ్యూటబుల్ అని పేరు. మైక్రోసాఫ్టే ఉచితంగా ఇస్తుంది. మామూలుగా సాఫ్ట్‌వేర్ డిస్కే దీన్ని తనతోపాటు ఎక్కించాలి. మా డిస్కు ఎక్కించలేదు.

ప్యాకేజీని ఎక్కించే ముందు మావాడు పెట్టిన రెండు నకళ్లనూ తీసేశాను. ఇది చాదస్తం కాదు. అదే పేరుతో, అదే వెర్షన్‌తోనో అంతకన్నా పెద్ద వెర్షన్‌తోనో ఫైలు ముందే ఉంటే విండోస్ ఇన్‌స్టాలర్ దాని జోలికి పోదు, కొత్తదాన్ని కాపీ చేయకుండా దాటిపోతుంది. అంటే అసలు ప్యాకేజీ ఎక్కినట్టే కనిపిస్తుంది, లోపల మాత్రం ఎవరిదో తెలియని ఫైలు కూర్చుని ఉంటుంది. తీసేశాక 2010 ప్యాకేజీలో ఎక్స్86 అన్నదాన్ని, అంటే 32 బిట్లదాన్ని, ఎక్కించాను. కంప్యూటర్ 64 బిట్లది కదా, 64 బిట్ల ఎక్స్64 కావాలేమో అని మావాడికి సందేహం. చూడవలసింది కంప్యూటర్ బిట్లు కాదు, ప్రోగ్రామ్ బిట్లు. 64 బిట్ల విండోస్‌లో రెండు రకాల ప్రోగ్రాములూ నడుస్తాయి కాబట్టి రెండు ప్యాకేజీలూ ఉండవచ్చు. ఎక్కించాక సిస్‌వావ్64లో ఫైలు ప్రాపర్టీస్ తెరిచి, డిజిటల్ సంతకం మైక్రోసాఫ్ట్‌దేనని చూసుకున్నాను. సాఫ్ట్‌వేర్ తెరుచుకుంది, పాత పుస్తకం పేజీలు ఎక్కడివక్కడే కనిపించాయి.

అక్కడితో అయిపోతే దీని గురించి రాయవలసినంత ఏమీ ఉండేది కాదు. మూడో అధ్యాయానికి కొత్తగా రాసిన భాగాన్ని వర్డ్ ఫైలు నుంచి పేజీలోకి తెద్దామంటే, దిగుమతి ఫిల్టర్ లోడ్ కావడం లేదని మొరాయించింది. ఈసారి ఏ ఫైలు పేరూ చెప్పలేదు. ఫిల్టర్ ఫైలు మాత్రం దాని ఫోల్డర్‌లో భేషుగ్గా ఉంది.

ఫిల్టర్ అన్నది కూడా డీఎల్ఎలే. చివర డీఎల్ఎల్ అని లేనంత మాత్రాన కాకుండా పోదు. పాత పేజీ మేకప్ సాఫ్ట్‌వేర్లలో ఎఫ్ఎల్‌టీ అని ముగిసే దిగుమతి ఫిల్టర్లు, ఫొటోషాప్‌లో 8బీఎఫ్ అని ముగిసే ప్లగిన్లు, కంట్రోల్ ప్యానెల్‌లోని సీపీఎల్ ఫైళ్లు, ఓసీఎక్స్‌లు అన్నీ వేషం మార్చుకున్న డీఎల్ఎల్‌లే. నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే అన్నిటి తలమీదా అదే ఎం, జడ్. తేడా ఎక్కడంటే, ఎంఎస్‌వీసీఆర్‌100 లాంటిది ప్రోగ్రామ్ లేవడానికే కావాలి కాబట్టి లేకపోతే విండోస్ స్వయంగా పేరు పెట్టి చెబుతుంది. ఫిల్టర్‌ను ప్రోగ్రామ్ లేచాక అవసరం పడినప్పుడు పిలుస్తుంది. అది రాకపోతే ఏం చెప్పాలో ఆ ప్రోగ్రామ్ రాసినవారి ఇష్టం. వాళ్లు ఏమీ చెప్పకూడదని నిర్ణయించుకున్నట్టున్నారు.

ఇలాంటప్పుడు నాకు ప్రాణం లేచివచ్చే పరికరం ప్రాసెస్ మానిటర్. మార్క్ రుసినోవిచ్, బ్రైస్ కాగ్స్‌వెల్ పెట్టిన సిస్‌ఇంటర్నల్స్ నుంచి వచ్చింది. ఆ సంస్థను 2006లో మైక్రోసాఫ్ట్ కొనేసింది, పరికరాలు ఇప్పటికీ ఉచితమే. కంప్యూటర్‌లో ఏ ప్రోగ్రామ్ ఏ ఫైలును తాకినా ఒక పంక్తి రాస్తుంది. ఊరికే తెరిస్తే లక్షల పంక్తులు వరదలా వచ్చిపడి కళ్లు తిరుగుతాయి. అందుకని మూడు జల్లెడలు పెట్టాను: ప్రోగ్రామ్ పేరు మా సాఫ్ట్‌వేర్‌ది కావాలి, ఫైలు పేరు డీఎల్ఎల్‌తో ముగియాలి, ఫలితం పేరు దొరకలేదు అని ఉండాలి. ఆ తర్వాత వర్డ్ ఫైలును మళ్లీ దిగుమతి చేయబోయాను.

అప్పుడు వచ్చిన పంక్తులను చూస్తే ముచ్చటేసింది. ఎంఎఫ్‌సీ71.డీఎల్ఎల్ అనే ఒకే ఫైలు కోసం వరసగా వెతుకులాట. మొదట సాఫ్ట్‌వేర్ ఉన్న ఫోల్డర్, దొరకలేదు. సిస్‌వావ్64, దొరకలేదు. విండోస్ కింద సిస్టమ్ అనే పాత ఫోల్డర్, దొరకలేదు. విండోస్ ఫోల్డర్, దొరకలేదు. అప్పుడు తెరిచి ఉన్న ఫోల్డర్, దొరకలేదు. ఇక పాత్ అనే జాబితాలో రాసి ఉన్న ఫోల్డర్లు ఒక్కొక్కటే, ఎక్కడా లేదు. అక్కడితో వెతుకులాట ఆగింది, వెంటనే ఆ మొండి సందేశం.

డీఎల్ఎల్ కోసం విండోస్ వెతికే వరస ఇదే. కర్నెల్32, యూజర్32 లాంటి కొన్నిటిని మాత్రం ఈ వరసతో పని లేకుండా తన సొంత జాబితా ప్రకారం తెస్తుంది. తక్కినవాటి విషయంలో, వీధి చివర నిలబడి పేరు పెట్టి పిలిచి, ముందు ఎవరు పలికితే వాళ్లనే వెంటబెట్టుకు పోయినట్టు ఉంటుంది వ్యవహారం. ఇంటిపేరు అడగదు. ఒకప్పుడు చాలామంది దీన్ని తెలివిగా వాడుకున్నారు. తెలుగు ఒత్తులు, గుణింతాలు సరిగా అమర్చే పని అప్పట్లో విండోస్‌లోని యూనిస్క్రైబ్ అనే భాగానిది, దాని ఫైలు యూఎస్‌పీ10.డీఎల్ఎల్. విండోస్ ఎక్స్‌పీ కాలంలో దాని కొత్త వెర్షన్ సంపాదించి ప్రోగ్రామ్ ఫోల్డర్‌లోనే పెట్టేవారు. విండోస్ పాత ఫైలు చెక్కుచెదరదు, ఆ ఒక్క ప్రోగ్రామ్‌కు మాత్రం అక్షరాలు కుదురుగా వచ్చేవి. ఇదే వరసను ఆసరా చేసుకుని దొంగ డీఎల్ఎల్‌ను ముందు పలికే చోట పెట్టే మోసగాళ్లూ ఉన్నారు.

మళ్లీ మా ఫిల్టర్ దగ్గరికి. ఎంఎఫ్‌సీ71 విజువల్ సీ ప్లస్‌ప్లస్ 2003 నాటిది. ఈ తరానికి 2010లా విడి ప్యాకేజీ లేదు. వాడుకునే సాఫ్ట్‌వేరే దాన్ని తన ఫోల్డర్‌లో పెట్టుకోవాలన్నది మైక్రోసాఫ్ట్ నియమం. అంటే ఎక్కడో వెతకడం దండగ, ఉంటే మా డిస్కులోనే ఉండాలి. ఇన్‌స్టాల్ అయిన ఫోల్డర్ మొత్తం గాలించాను. ఉంది! ఫిల్టర్ల ఉప ఫోల్డర్‌లో, ఆ ఫిల్టర్ పక్కనే, దాని తోడుగా ఎంఎస్‌వీసీఆర్‌71 కూడా.

పక్కనే ఉన్న ఫైలు దొరకలేదంటే మావాడు నమ్మలేదు. పంక్తులు చూపించాను. వెతుకులాట మొదలయ్యేది ఫిల్టర్ ఉన్న ఫోల్డర్ నుంచి కాదు, ప్రధాన ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్ నుంచి. ఫిల్టర్‌ను పిలిచేటప్పుడు దాని ఫోల్డర్‌లో కూడా వెతకమని చెప్పే వీలు విండోస్‌లో ఉంది. ప్రోగ్రామ్ రాసినవాళ్లు ఆ మాట చెప్పలేదు, అంతే. జాబితాలో ఉప ఫోల్డర్ లేదు కాబట్టి అటు తొంగి కూడా చూడలేదు.

"మరి పాత కంప్యూటర్‌లో ఇన్నేళ్లు ఎలా నడిచిందక్కా?" అన్నాడు. మంచి ప్రశ్న, నాకూ అదే పీకుతోంది. పాత కంప్యూటర్ ఇంకా గదిలోనే ఉంది కాబట్టి తెరిచి చూశాం. అది 32 బిట్ల విండోస్. దాని సిస్టమ్32లో ఎంఎఫ్‌సీ71, ఎంఎస్‌వీసీఆర్‌71 రెండూ ఉన్నాయి. అవి ఏర్పడిన తేదీ చూస్తే మా పేజీ మేకప్ సాఫ్ట్‌వేర్ తేదీతో కలవలేదు. స్కానర్‌తో వచ్చిన సాఫ్ట్‌వేర్ తేదీతో నిమిషాలతో సహా కలిసింది. స్కానర్ సాఫ్ట్‌వేర్ నియమం మీరి తన ఫైళ్లను అందరి ఫోల్డర్‌లో పడేసింది, మా ఫిల్టర్ ఇన్నాళ్లూ వాటిమీద బతికింది. కొత్త కంప్యూటర్‌లో ఆ స్కానర్ లేదు. రెండు తప్పులు కలిసి ఒక ఒప్పుగా చెలామణి అయిపోయాయి.

ఉమ్మడి ఫైళ్ల చరిత్రే ఇలాంటిది. 1985లో విండోస్ మొదటి వెర్షన్ వచ్చినప్పుడు దానికి కనీసం 256 కిలోబైట్ల మెమరీ చాలన్నారు. అంత చోటులో ప్రతి ప్రోగ్రామూ గీతలు గీసే కోడ్‌ను, కిటికీలు తెరిచే కోడ్‌ను విడివిడిగా మోయలేదు. ఒక్కటే పెట్టి అందరూ వాడుకోవడం తప్పనిసరి.  ఆ తర్వాతి కాలంలో ఏ సాఫ్ట్‌వేర్ ఎక్కించినా సిస్టమ్ ఫోల్డర్‌లో తన వెర్షన్‌ను రుద్దేది, మరోటి పడిపోయేది. ఆ అవస్థకు డీఎల్ఎల్ నరకం అనే పేరు స్థిరపడింది. విండోస్ 2000లో సిస్టమ్ ఫైళ్లకు కాపలా పెట్టారు, ఎక్స్‌పీలో ఒకే డీఎల్ఎల్ వేర్వేరు వెర్షన్లు పక్కపక్కన ఉండేలా విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ అనే ఫోల్డర్ తెచ్చారు. ఇప్పుడు మెమరీకి కరువు లేదు కాబట్టి ఎవరి ఫైళ్లు వాళ్లే తమ ఫోల్డర్‌లో పెట్టుకుంటున్నారు. చోటు వృథా అని సణిగేవాళ్లున్నారు. మా స్కానర్ వ్యవహారం చూశాక నాకు ఆ వృథాయే మేలనిపిస్తుంది.

పరిష్కారం చిన్నదే. ఉప ఫోల్డర్‌లోని ఆ రెండు ఫైళ్లకు నకళ్లు తీసి, ప్రధాన ప్రోగ్రామ్ పక్కన పెట్టాను. ఉప ఫోల్డర్‌ను పాత్ జాబితాలో చేర్చినా పని జరిగేది. కానీ ఆ జాబితాను కంప్యూటర్‌లోని ప్రోగ్రాములన్నీ చూస్తాయి, ఒక్క ఫిల్టర్ కోసం అందరి దారీ మార్చడం నాకిష్టం లేదు. సిస్‌వావ్64లో పెట్టడమంటే స్కానర్ చేసిన పనే మనమూ చేయడం. నకళ్లు పెట్టాక వర్డ్ ఫైలు పేజీలోకి వచ్చింది. ప్రింట్ ఇచ్చేటప్పుడు టాస్క్ మేనేజర్‌లో ఎస్‌పీఎల్‌వావ్64 అనే కొత్త పేరు చూసి మావాడు మళ్లీ ఉలిక్కిపడ్డాడు గానీ, అది 32 బిట్ల ప్రోగ్రామ్‌కూ 64 బిట్ల ప్రింటర్ డ్రైవర్‌కూ మధ్య దుబాసీ, విండోస్ సొంతదే.

ఏం చేశామో ఒక చిన్న టెక్స్ట్ ఫైలులో రాసి సాఫ్ట్‌వేర్ ఫోల్డర్‌లోనే పెట్టాను: ఏ ప్యాకేజీ ఎక్కించాం, ఏ రెండు ఫైళ్లు ఎక్కడినుంచి ఎక్కడికి పోయాయి, ఎందుకు. 2010 ప్యాకేజీ ఇన్‌స్టాలర్‌ను డిస్కు నకలు పక్కన భద్రం చేశాం.

మర్నాడు మావాడు ప్రోగ్రాముల జాబితా తెరిచి, విజువల్ సీ ప్లస్‌ప్లస్ పేరుతో 2005, 2008, 2010, 2013 అంటూ బారులు తీరిన వరసలు చూపించాడు. "ఇన్నెందుకక్కా, కొత్తది ఒక్కటి ఉంచి పాతవి తీసేద్దామా?" అని అడిగాడు. ఒకదాని పని ఇంకొకటి చేయదని, ఏ ప్రోగ్రామ్ ఏ ఏడాది ప్యాకేజీ మీద నిలబడిందో ఆ జాబితాలో రాసి ఉండదని చెప్పాను. మొత్తం కలిపినా అవి తినే చోటు మా పుస్తకంలోని బొమ్మల ఫోల్డర్‌తో పోలిస్తే ఏపాటి. జాబితా మూసేసి నాలుగో అధ్యాయం తెరిచాడు.